తాల్ముద్ ముద్రిత పుట: మూలం, వ్యాఖ్య, పత్రసంఖ్య

తాల్ముద్ పుటకు నేటి రూపమిచ్చినవాడు వెనిస్ ముద్రాపకుడు డేనియల్ బాంబెర్గ్ అనడం పరిపాటి. ఇది సగమే సత్యం. మూలాన్ని నడుమ నిలిపి, ఒకవైపు రాషీ వ్యాఖ్యను, మరొకవైపు తొసాఫోత్‌ను కూర్చే పద్ధతి 1483-84 నాటి సొన్చినో ముద్రణలోనే ఉంది. (రాషీ లిపిగా పేరుపొందిన అచ్చక్షరాలను రాషీ వాడనే లేదన్నది వేరే ముచ్చట.) క్రైస్తవుడైన బాంబెర్గ్ 1520-23 మధ్య సంపూర్ణ బాబిలోనియా తాల్ముద్‌ను వెలువరించి స్థిరపరచినది పత్రసంఖ్యను. 1553లో రోమ్‌లో ప్రతులను తగులబెట్టినా ఆ సంఖ్య నిలిచింది. 1880లలో విల్నా ముద్రణ దానినే అనుసరించింది. 1923లో మేయిర్ షపీరో ప్రతిపాదించిన ‘దఫ్ యోమీ’, అనగా దినానికొక పత్రం చొప్పున సాగే అధ్యయనం, దానిపైనే ఆధారపడింది. అయితే ముద్రణ అర్థాన్ని కూడా స్థిరీకరించిందనే వాదం ఇక్కడ చెల్లదు. రాషీ నిర్ణయాన్ని ఆయన దౌహిత్రుడు రబ్బేను తామ్ ఖండించిన వాక్యం అదే పుటపై, తాతగారి వ్యాఖ్యకు ఎదురుగా, నేటికీ అచ్చవుతూనే ఉంది.