ధర తెలియకమున్నే లెక్క

సోమల పల్లెలలో టమోటా పండించు రైతు కాయను బాక్సులకెత్తి మదనపల్లె మండీకి తోలునప్పుడు, ఎన్ని బాక్సులు పంపెనో, బాడుగ యెంతయో, కోతకూలి యెంతయో సర్వమును ఎరిగియుండియు, అన్నిటికంటె ముఖ్యమగు బాక్సు వెలను మాత్రము వేలము ముగియువరకు ఎరుగడు. తెలియని ఆ రాశిని తేలువరకు ప్రక్కన బెట్టక, దానికొక సంజ్ఞ నొసగి, తెలిసిన సంఖ్యలతోపాటు దానినిగూడ లెక్కలో నడిపించుటయే బీజగణితము నేర్పు విద్య. బడిపిల్లలు దీనిని 'సూక్ష్మీకరింపుము, ప్రతిక్షేపింపుము' అను రెండాజ్ఞలుగా మాత్రమే ఎరుగుట శోచనీయము.

ఈ విద్య మనకు క్రొత్త గాదు. క్రీ.శ. 628లో బ్రహ్మస్ఫుటసిద్ధాంతమును రచించిన బ్రహ్మగుప్తుడు అందలి కుట్టకాధ్యాయమున ధన, ఋణ, శూన్యముల నియమములను చెప్పి, తెలియని రాశులగు అవ్యక్తములను, వాని వర్గములను, ఘనములను కూడునప్పుడును తీసివేయునప్పుడును సజాతీయములనే కలుపవలెననియు, విజాతీయములను వేరుగా నిలుపవలెననియు శాసించెను. 1150 ప్రాంతమున భాస్కరాచార్యుడు తన బీజగణితమున మొదటి అవ్యక్తమునకు యావత్తావత్తును, తక్కినవానికి కాలక, నీలక, పీతక, లోహితకములను వర్ణముల పేర్లను వాడి, వాని మొదటి అక్షరములతోనే లెక్క నడపెను. కేవల సంఖ్యకు 'రూ' అను గుర్తు, ఋణసంఖ్యపై ఒక చుక్క. తెనుగున పావులూరి మల్లన మహావీరాచార్యుని గణితసారసంగ్రహమును పద్యములలోనికి తెచ్చినను, అది ప్రధానముగా అంకెల లెక్కయగు పాటీగణితము; వర్ణముల లెక్కకు మనవారు సంస్కృతమునే ఆశ్రయింపవలసివచ్చెను.

భాస్కరుని అక్షరమునే ఎరువు తెచ్చుకొని మన రైతు లెక్కను వ్రాయుదము. పై కయ్యనుండి 40 బాక్సులు, క్రింది కయ్యనుండి 25. మండీ చేరునప్పటికి 5 బాక్సుల కాయ చెడి పారవేయబడినది. బాక్సు వెల 'యా' యనుకొందము. 40యా + 25యా − 5యా అనునది 60యా అగును. నూటికి 5 చొప్పున కమీషననుకొన్నచో 3యా పోయి 57యా మిగులును. తోలిన 65 బాక్సులకును బాక్సునకు 20 రూపాయల వంతున బాడుగ 1,300, కోతకూలి 1,700. ఈ రెండును రూపాయలే గనుక కలిసి 3,000 అగునేగాని, యా తో కలియనేరవు. కావున రైతు చేతికి వచ్చునది 57యా − 3000. అన్ని పద్దులును కుదించుకొని ఇంత చిన్నదైన ఈ సమాసమున యా స్థానమునందు వేలము పలికిన ధరను నిలుపుటయే ప్రతిక్షేపణము. ప్రాచీనులు దీనినే ఉత్థాపనమనిరి. ధర 200 పలికెనా, 8,400; 400 పలికెనా, 19,800; 50కి దిగజారెనా, ఋణము 150, అనగా ఎదురు చేతిసొమ్ము పెట్టుకొని ఇల్లు చేరవలెను. 52 వద్ద 36 రూపాయల నష్టము, 53 వద్ద 21 రూపాయల లాభము. లాభనష్టముల గట్టు ఈ రెంటినడుమ నున్నదని వేలము మొదలుగాకమున్నే తెలిసిపోవును. ప్రతి ధరకును పద్దులన్నియు మొదటినుండి తిరుగవేయువానికి ఈ గట్టు కనబడుట దుర్లభము. సూక్ష్మీకరణము పరీక్షలో మార్కుల కొరకని తలచువారు ఈ ఒక్క సంగతిని ఆలోచింపవలెను.

రైతు బాక్సులతోపాటు చిక్కుడు మూటలు నాలుగు వేసెననుకొందము. మూట వెల 'కా' అయినచో లెక్క 57యా + 4కా − 3000 అగునేగాని, 61 అను సంఖ్య ఇచట పుట్టదు. ఈ పొరపాటు పెద్దపిల్లలును చేయుదురు.

ప్రతిక్షేపణమున శిష్యులు తడబడు చోటు ఋణసంఖ్య. 2యా² − 5యా + 1 అను సమాసమున యా విలువ −3 అయినప్పుడు, ఆ విలువను దాని గుర్తుతో సహా కుండలీకరణమున బెట్టియే దింపవలెను. వర్గము 9, దానికి రెట్టింపు 18, ఋణమును ఋణముచే గుణింప ధనమగుననిన బ్రహ్మగుప్తుని నియమముచే రెండవ పదము 15, వెరసి 34. కుండలీకరణమును సోమరితనముచే విడిచినవానికి −18, −15, 1 కలిసి −32 రావచ్చును. ఆ రెండు గీతల సోమరితనమునకు చెల్లించిన మూల్యము 66!

సూక్ష్మీకరణము సరిగా జరిగెనా యని చూచుకొనుటకు గురువులు చెప్పు ఉపాయము సులభమైనది: మొదటి సమాసమునందును, తుది సమాసమునందును ఒకే సంఖ్యను ప్రతిక్షేపించి ఫలములను పోల్చుట. 3(యా + 2) ను విప్పుచు 3యా + 2 అని వ్రాసినవాడు యా కు 1 పెట్టిచూచెనేని, ఒకవైపు 9, వేరొకవైపు 5 వచ్చి తప్పు వెంటనే బయటపడును. ఫలములు భేదించినచో తప్పు నిశ్చయము. కలిసినంతమాత్రమున ఒప్పు నిశ్చయము గాదు. యా ను యా చే గుణించి 2యా అని వ్రాసినవాడు 2తో పరీక్షించెనేని ఇరువైపుల 4 వచ్చి వాడు మోసపోవును. సున్నతో చూచినను అంతే. అందుచేత 0, 2 లను విడిచి 3నో 7నో ఎన్నుకొనుట మేలు: 3 పెట్టగా 9 యొకవైపు, 6 వేరొకవైపు.