వాకిట్లోకి వచ్చిన సామాను

2008 ఆర్థిక సంక్షోభంపై వచ్చిన చిత్రాల్లో ఎక్కువ చర్చకు వచ్చింది ఆడమ్ మెకే తీసిన ‘ద బిగ్ షార్ట్’ (2015). ఇళ్ళ తాకట్టు రుణాలను మూటగట్టి బాండ్లుగా అమ్మిన తీరును అది హాస్యంతో, స్పష్టంగా విడమరచింది. అమెరికాలో 80 లక్షలమంది ఉద్యోగాలు, 60 లక్షలమంది ఇళ్ళు పోగొట్టుకున్నారని చివర్లో చెబుతుంది. తాను అద్దె సక్రమంగా కడుతున్నా, యజమాని వాయిదాలు ఎగ్గొట్టినందువల్ల బిడ్డతో సహా వీధిన పడిన ఒక మనిషిని కాసేపు చూపుతుంది కూడా. అంతకు మించి ఆ కుటుంబంతో దానికి పనిలేదు. ప్రేక్షకుడు పతనాన్ని ముందే పసిగట్టిన తెలివైనవారి పక్కన కూర్చుని చూస్తాడు.

అంతకు ఏడాది ముందే రామిన్ బహ్రానీ ‘99 హోమ్స్’ తీశాడు. అది గుమ్మం దగ్గరే నిలబడుతుంది. డెనిస్ నాష్ ఆర్లాండోలో ఇళ్ళు కట్టే పనివాడు. నిర్మాణాలు ఆగాయి, వాయిదాలూ ఆగాయి. కోర్టులో అతని విచారణ క్షణాల్లో ముగుస్తుంది. ఇందులో అతిశయోక్తి లేదు, ఆ రోజుల్లో ఫ్లోరిడా కోర్టులు ఇటువంటి కేసులను పరిష్కరించిన వేగానికి ‘రాకెట్ డాకెట్’ అన్న పేరే వచ్చింది. ఒక ఉదయం రిక్ కార్వర్ అనే రియల్ ఎస్టేట్ బ్రోకరు పోలీసులతో వస్తాడు. ‘సర్’ అని మర్యాదగానే పిలుస్తారు. అప్పీలుకు గడువుందన్న నాష్ మాట గాలిలో కలిసిపోతుంది. అతని తల్లి, కొడుకు చూస్తుండగానే సామాను వాకిట్లో గుట్టపడుతుంది. తెలుగులో ‘జప్తు’ అనగానే వాకిట్లోకి విసిరేసిన బిందెలు, మంచాలు కళ్ళకు కడతాయి. ‘ఫోర్‌క్లోజర్’ కాగితం మీది మాట. ఆ మాటకు లేని దృశ్యాన్ని బహ్రానీ ఇచ్చాడు.

అయితే చిత్రానికి బలం ఈ ఒక్క ఘట్టమే కాదు. ఇల్లు పోయిన నాష్‌కు దొరికిన పని, తనను గెంటినవాడి దగ్గరే. మొదట మురుగు నిండిన ఇంటిని కడుగుతాడు. తరువాత ఖాళీ ఇళ్ళ ఏసీ యంత్రాలు ఊడదీస్తాడు. చివరికి ఇతరుల తలుపులు తడతాడు. ఇళ్ళు కట్టిన చేతులకు ఇళ్ళు ఖాళీ చేయించడమే జీవనాధారమైంది. సంక్షోభం కుటుంబాల నుంచి ఏం తీసుకుందో గణాంకాలు కొంత చెబుతాయి. బతకడం కోసం మనుషులచేత ఏం చేయించిందో వాటిలో కనిపించదు. నాష్ ఏ పని చేస్తున్నాడో తెలిశాక, ఆ డబ్బుతో వచ్చిన ఇంట్లో తల్లీ కొడుకూ ఉండలేకపోతారు.

ముగింపులో తుపాకీ ప్రవేశించడం బలహీనతే. అంతదాకా సాధారణంగా సాగిన క్రౌర్యం ఒక్కసారిగా నాటకీయమవుతుంది. దానికన్నా మధ్యలో వచ్చే వృద్ధుడి సన్నివేశం లోతైనది. తనకెవరూ లేరని, ఎక్కడికి వెళ్ళాలో తెలియడం లేదని ఆయన దిక్కుతోచక నిలబడతాడు. ఆయన తరువాత ఏమయ్యాడో చిత్రం చెప్పదు. నాష్ మరో ఇంటికి వెళతాడు.