ఎస్పెరార్ – నిరీక్షణ

స్పానిష్‌లో ఎస్పెరార్ అని ఒక క్రియ ఉంది. బస్సు కోసం నిలబడటం ఎస్పెరార్. కూతురు పరీక్ష గట్టెక్కితే బాగుండునని తల్లి అనుకోవడమూ ఎస్పెరారే. "నీ దగ్గర ఇంతకన్నా తక్కువ అనుకోలేదు" అని ఒకరిని మెచ్చుకునేటప్పుడు వాడేదీ అదే. గడప దాటబోతున్న మనిషిని "ఉండు, వస్తున్నా" అని ఆపడానికీ ఆ మాటే చాలు. మనం ఎదురుచూడటం, ఆశించడం, అనుకోవడం అని తలా కాస్త పంచిపెట్టిన పనిని స్పానిష్‌వాళ్ళు ఒక్క క్రియ నెత్తిన పెట్టారు. ఆస్పత్రిలో వరస కోసం కూర్చునే గది సాలా దె ఎస్పెరా. అక్కడ కూర్చున్నవాళ్ళ మనసులో ఉండేది ఎస్పెరాన్సా. రెండూ ఒకే క్రియకు పుట్టినవి.

తెలుగులో ఈ రెండిళ్ళ మధ్య గోడ ఉంది. ఎదురుచూపు కళ్ళ పని, ఆశ మనసు పని. పైగా మన ఆశకు ఇంకో పేచీ ఉంది. "ఇంకా ఆశ చావలేదు" అన్నప్పుడు ఆ మాటలో జాలి ఉంటుంది, కానీ "వాడికి ఆశ ఎక్కువ" అంటే అది నింద. ఆశపోతు, పేరాశ, దురాశ, అత్యాశ అంటూ ఆ మాట చుట్టూ చేరిన బంధువర్గంలో మంచిపేరున్నవాళ్ళు తక్కువ. స్పానిష్‌లో మాత్రం ఎస్పెరాన్సా అని ఆడపిల్లలకు పేరు పెట్టుకుంటారు. దురాశను చెప్పడానికి వాళ్ళకు కోదీసియా అనే మాట విడిగా ఉంది. ఎస్పెరాన్సాకు ఆ మరక అంటదు. మనకు కోరికా, నమ్మకమూ, యావా ఒకే కుండలో ఉడుకుతాయి. వాళ్ళకు నమ్మకమూ, కాలం గడపడమూ ఒకే కుండలో ఉడుకుతాయి.

ఈ కలయిక లాటిన్‌లో లేదు. అక్కడ స్పెరారే అంటే ఆశించడం మాత్రమే. ఎదురుచూడటానికి ఎక్స్‌పెక్టారే అనే వేరే క్రియ ఉండేది, అంటే బయటికి చూడటం. లాటిన్ పిల్లల్లో ఫ్రెంచి, ఇటాలియన్ ఆ తేడాను పోనివ్వలేదు. ఈనాటికీ ఆ భాషల్లో ఆశకు ఒక క్రియ, రైలు కోసం నిలబడటానికి మరొకటి. ఐబీరియా ద్వీపకల్పంలో కథ వేరుగా నడిచింది. స్పానిష్, పోర్చుగీస్, కాటలాన్ మూడింటిలోనూ ఆశించే క్రియే ప్లాట్‌ఫారం మీద నిలబడే పనికి కూడా దిగివచ్చింది. మనసులో ఉండే గుణం వీధిలో చేసే పని అయింది.

మన దగ్గర సరిగ్గా దీనికి ఎదురుగా ప్రయాణం చేసిన మాట ఒకటుంది. నిరీక్షణ. సంస్కృతంలో అది పరికించి చూడటం. హిందీలో నిరీక్షక్ అంటే ఇప్పటికీ ఇన్‌స్పెక్టరే, తనిఖీ చేసేవాడు. తెలుగులో ఆ చూపు ఎదురుచూపుగా మారింది. బాలు మహేంద్ర తీసిన 'నిరీక్షణ' సినిమా పేరు చూసి హాల్లోకి వెళ్ళినవాళ్ళెవరూ తనిఖీ గురించి అనుకుని ఉండరు. జైలుకు వెళ్ళిన ప్రియుడి కోసం కాచుకున్న అమ్మాయి కథకు ఆ పేరు తప్ప ఇంకొకటి అతకదు. కానీ ఇదే పదం ఇంకో మెట్టు కూడా ఎక్కింది. ఆ సంగతి మనలో చాలామందికి ఎరుకే గానీ, దాని మీద ఆగి ఆలోచించినవాళ్ళు తక్కువ. తెలుగు బైబిల్లో నిరీక్షణ అంటే ఎదురుచూపు కాదు, ఆశ. పౌలు కొరింథీయులకు రాసిన మొదటి పత్రికలో ఎప్పటికీ నిలిచే మూడింటిని చెప్పే చోట విశ్వాసం, ప్రేమల మధ్య ఉన్నది నిరీక్షణే. అదే చోట స్పానిష్ బైబిల్లో ఎస్పెరాన్సా ఉంటుంది. అంటే స్పానిష్‌లో ఆశ కిందికి దిగి ఎదురుచూపు అయితే, తెలుగు ప్రార్థనామందిరంలో ఎదురుచూపు పైకెక్కి ఆశ అయింది.

అక్కడ 'ఆశ' అని ఎందుకు పెట్టలేదో ఊహించడం కష్టం కాదు. విశ్వాసానికీ ప్రేమకూ నడుమ ఆశను కూర్చోబెడితే తెలుగు చెవికి ఎక్కడో దురాశ గంట మోగుతుంది. నా దృష్టిలో ఆ అనువాదకుల ఎంపిక మన భాషలో జరిగిన గొప్ప పదనిర్ణయాల్లో ఒకటి. క్రైస్తవ కుటుంబాల్లో పెరిగినవాళ్ళు "నాకు నిరీక్షణ ఉంది" అంటే పక్కింటివాళ్ళకు ఎవరో రావాల్సి ఉందనిపించవచ్చు. ఆ అపార్థంలోనూ సగం నిజం ఉంది.

నిరీక్షణ పై అంతస్తుకు మారేసరికి దాని పాత పనికి మనిషి కావలసి వచ్చింది. తెలుగు బైబిలు ఆ పనిని 'కనిపెట్టు'కు అప్పగించింది. బయటి తెలుగులో కనిపెట్టడం అంటే కొత్త యంత్రం తయారుచేయడమో, దొంగతనాన్ని పసిగట్టడమో. "పిల్లల్ని కాస్త కనిపెట్టుకుని ఉండు" అంటే ఓ కన్నేసి ఉంచమని. చర్చి తెలుగులో మాత్రం దేవుడి కోసం కనిపెట్టడం అంటే ఓపికతో ఆయన కోసం ఎదురుచూడటం. ఎదురుచూడు, నిరీక్షించు, కనిపెట్టు: మూడూ కంటితో మొదలైన మాటలే. దీన్నిబట్టి రోమీయులకు రాసిన పత్రికలోని ఒక వాదన తెలుగులో చిత్రమైన బిగువుతో వినిపిస్తుంది. కళ్ళెదుట ఉన్నదాని కోసం ఎవరూ ఆశపడరు, కనిపించనిదాని కోసమే ఓపిక పట్టాలి అంటాడు పౌలు. స్పానిష్‌లో ఇది సాఫీగా సాగే తర్కం, ఎందుకంటే ఎస్పెరార్‌లో కన్ను లేదు. తెలుగులో అయితే చూపు నుంచి పుట్టిన మాటతోనే చూపుకు అందనిదాన్ని చెప్పాలి. అనువాదం మూలం కన్నా లోతుగా తవ్విన చోటు ఇది అని నాకనిపిస్తుంది.

అలాగని స్పానిష్‌లో ఆశ కలవని ఎదురుచూపుకు మాట లేదనుకోకూడదు. అగ్వర్దార్ ఉంది. గ్వర్దార్ అంటే కాపలా కాయడం, భద్రం చేయడం. దాన్నుంచి వచ్చిన అగ్వర్దార్ అంటే వేచి ఉండటం. ఇక్కడ మన భాష పక్కింటి చుట్టంలా ఎదురొస్తుంది. పొలం కాయడం, గొర్రెలు కాయడం, కాపలా, కాపరి, వీటి సరసనే కాచుకుని కూర్చోవడం. ఎక్కడా ఒకదానితో ఒకటి తగలని రెండు భాషలు, కాపలావాడి బతుకులో సగం ఎదురుచూపే అని విడివిడిగా గమనించాయి. రాత్రంతా మంచె మీద కూర్చున్న రైతు పంటను కాస్తున్నాడా, తెల్లవారడం కోసం కాచుకున్నాడా అంటే రెండూనూ. ఇంత దగ్గరి పోలిక దొరికినప్పుడు విమర్శకుడికి కలిగే సంతోషాన్ని దాచుకోవడం నాకు చేతకాదు.

ఒకే క్రియ ఇన్ని పనులు చేస్తుంటే స్పానిష్‌వాళ్ళు తికమక పడరా అని అడగవచ్చు. పడరు. వాక్యం కట్టే తీరే అర్థాన్ని విడదీస్తుంది. మనిషి పేరుకు ముందు 'ఆ' అనే చిన్న విభక్తి పెట్టి ఎస్పెరార్ వాడితే ఆ మనిషి కోసం ఎదురుచూడటం. దేవుడి పేరుకు ముందు 'ఎన్' పెడితే ఆయన మీద నమ్మకం ఉంచడం. "ఎస్పెరో కె వెంగా" అంటే వస్తే బాగుండునన్న ఆశ. మధ్యలో ఒక్క 'ఆ' చేర్చి "ఎస్పెరో ఆ కె వెంగా" అంటే వచ్చేదాకా ఆగుతానని. ఒక్క అచ్చు అటూ ఇటూ అయితే ఆశ కాస్తా కాలక్షేపం అవుతుంది. వచ్చే క్రియ రూపంలోనూ సూక్ష్మముంది. మామూలుగా సందేహాన్ని సూచించే రూపం వాడతారు. వస్తాడన్న ధీమా బలంగా ఉంటే ఖాయమని తెలిపే రూపం కూడా కొందరి నోట వినిపిస్తుంది.

ఈ ధీమాకూ బెంగకూ ఉన్న తేడాను మనవాళ్ళు వ్యాకరణానికి వదిలేయకుండా మనుషులుగా నిలబెట్టారు. అష్టవిధ నాయికల్లో వాసకసజ్జిక ఉంది, విరహోత్కంఠిత ఉంది. ఇద్దరూ ఎదురుచూసేవాళ్ళే. మొదటి ఆమె పడక సర్ది, అలంకరించుకుని, వాడు వస్తాడనే నమ్మకంతో గుమ్మంవైపు చూస్తుంది. రెండో ఆమెకు ఆ నమ్మకం సడలింది. ఎందుకు రాలేదు, దారిలో ఏమైంది అని నలిగిపోతుంది. క్షేత్రయ్య పదాలు పాడేవాళ్ళకు ఈ రెంటి మధ్య గీత ఎక్కడుందో రాగంలోనే తెలుస్తుంది. స్పానిష్ క్రియారూపంలో చూపే సందును మనం అభినయంలో చూపుతాం.

గర్భిణి దగ్గర మాత్రం దారులు బాగా విడిపోతాయి. స్పానిష్‌లో ఆమె బిడ్డ కోసం ఎస్పెరార్ చేస్తోందంటారు. ఇంకొంచెం మర్యాదగా, కాస్త పాతకాలపు పలుకుబడిలో, 'మంచి ఎస్పెరాన్సా స్థితిలో ఉంది' అంటారు. మనం నెల తప్పింది, నీళ్ళోసుకుంది, ఒట్టి మనిషి కాదు అంటాం. మన మాటలు ఒంటిని పట్టుకుంటే వాళ్ళ మాట రాబోయే రోజును పట్టుకుంది. దీనికి వెనక పెద్ద చరిత్ర ఉంది. 656లో టొలేడోలో జరిగిన మతసభ మరియమ్మ పండుగను డిసెంబరు 18కి నిర్ణయించింది. క్రిస్మస్‌కు వారం ముందు, కాన్పు కోసం ఎదురుచూసే తల్లి పండుగ. ఎస్పెరాన్సా అనే పేరున్న ఆడవాళ్ళ పేరు పండుగా ఆ రోజే. సెవిల్లెలో ఎస్పెరాన్సా మకరేనా అని పిలిచే మరియమ్మ విగ్రహం చెంపల మీద మాత్రం కన్నీటి చుక్కలుంటాయి. గుడ్ ఫ్రైడే తెల్లవారుజామున ఊరేగేది చంపబోయే కొడుకు కోసం ఏడ్చే తల్లి. పేరేమో ఆశ. పుట్టుకకు ముందూ చావుకు ముందూ ఒకే మాటతో నిలబడగలిగిన తల్లిని ఆ భాష అలా తయారుచేసుకుంది.

ఈ మాట బరువంతా ఒక్కచోట చూడాలంటే గాబ్రియేల్ గార్సియా మార్కెస్ నవలిక 'కల్నల్‌కు ఎవరూ ఉత్తరం రాయరు' దగ్గరకు వెళ్ళాలి. 1958లో పత్రికలో, 1961లో పుస్తకంగా వచ్చింది. పారిస్‌లో చేతిలో డబ్బు లేని రోజుల్లో రాశాడు. పింఛను కోసం చూసి చూసి పోయిన తాతయ్య నికొలాస్ మార్కెస్ ఆయన మనసులో ఉన్నాడు. మొదటి పేజీలోనే ముసలి కల్నల్ కాఫీ డబ్బా అడుగు కత్తితో గీకుతాడు. తుప్పుతో కలిసిన పొడి రాలుతుంది. ఆ కాఫీ ఉబ్బసంతో బాధపడే భార్యకిచ్చి, తను తాగేశానని అబద్ధమాడతాడు. శుక్రవారం శుక్రవారం రేవుకు వెళ్ళి టపా పడవ కోసం నిలబడతాడు. అంతర్యుద్ధం ముగిశాక ఆయన చేసిన పని ఎస్పెరార్ తప్ప ఇంకోటి లేదని రచయిత చెబుతాడు. స్పానిష్ పాఠకుడికి అక్కడ ఎదురుచూపు, ఆశ రెండూ ఒక్క దెబ్బలో తగులుతాయి. ఆ ముసలాయన ఆశపడుతున్నాడా, ఊరికే కూర్చున్నాడా అన్న ప్రశ్న ఆ భాషలో పుట్టదు.

మనవైపు దీని పక్కన నిలబెట్టదగ్గ కథ శబరిది అనిపిస్తుంది గానీ, నాకు పింగళ కథే దగ్గర. భాగవతం పదకొండో స్కంధంలో అవధూత చెప్పిన గురువుల్లో ఆమె ఒకతె. విదేహ నగరపు వేశ్య. ఆ రాత్రి సింగారించుకుని గుమ్మంలో నిలబడింది. పోయేవాళ్ళు పోతున్నారు, డబ్బున్న మగవాడు ఎవడో వస్తాడని లోపలికీ బయటికీ తిరిగింది. అర్ధరాత్రి దాటింది. అప్పుడు ఆశ వదిలేసింది. వదిలేసి హాయిగా నిద్రపోయింది. ఆశే పెద్ద దుఃఖమనీ అది లేకపోవడమే సుఖమనీ ఆ కథ సారం. ఒక సంప్రదాయంలో మూడు మహాగుణాల్లో ఒకటిగా ఉన్నది ఇంకో సంప్రదాయంలో దించుకోవలసిన బరువు. స్పానిష్‌లో 'ఎస్పెరార్ చేసేవాడు దెసెస్పెరార్ అవుతాడు' అని సామెత ఉంది. చూసి చూసి విసిగి నిరాశలో పడతాడని. వాళ్ళ దృష్టిలో అది పతనం. పింగళకు అదే విడుదల.

అయినా పింగళా, కల్నలూ చివరికి ఒకేచోట కలుస్తారు. నవలిక ఆఖరున, పందెం కోసం ఇంట్లో ఉంచుకున్న కోడిపుంజును అమ్మకపోతే ఏం తినాలని భార్య నిలదీస్తే కల్నల్ ఒక బూతుమాటతో బదులిస్తాడు. ఆ మాట అనే క్షణంలో తన డెబ్బై అయిదేళ్ళ బతుకులో మొదటిసారి నిర్మలంగా, దేనికీ లొంగనివాడిగా ఉంటాడు. పింగళకు దక్కిన తేటదనమే ఆయనకూ దక్కింది. తేడా ఏమిటంటే ఆమె ఆశను వదిలి దాన్ని సంపాదించింది. కల్నల్ వదల్లేదు. కోడి ఇంట్లోనే ఉంది, జనవరి 20న పందెం ఉంది, శుక్రవారాలూ ఉన్నాయి. తెలుగులో ఆశ, ఎదురుచూపు వేర్వేరు కాబట్టి పింగళ ముందు ఒకదాన్ని వదిలింది, ఆపైన రెండోది దానంతట అదే ఆగిపోయింది. కల్నల్ భాషలో ఆ రెంటినీ విడదీసే చోటు లేదు.

ఆ నవలికను తెలుగు చేయడానికి కూర్చున్నవాళ్ళు ఆ ఎస్పెరార్ వాక్యం దగ్గర ఆగక తప్పదు. 'ఎదురుచూడటం' అంటే ఆశ జారిపోతుంది. 'ఆశపడటం' అంటే కల్నల్ మీద లేనిపోని అత్యాశ నీడ పడుతుంది. చాలామంది మొదటిదాన్నే ఎంచుకుంటారు, తప్పేమీ లేదు. నేనైతే 'నిరీక్షించడం' అంటాను. బయటి పాఠకుడికి రేవులో నిలబడ్డ మనిషి కనిపిస్తాడు. చర్చి తెలుగుతో పెరిగిన పాఠకుడికి ఆ మనిషితోపాటు ఆయన ఆశ కూడా వినిపిస్తుంది.