తెర పక్కన గొంతు

మూకీ సినిమా అంటే నిశ్శబ్దం అనుకుంటాం. జపాన్‌లో అలా ఎన్నడూ లేదు. తెర పక్కన బెన్షీ అనే కథకుడు నిలబడి ఆడ, మగ, ముసలి, పిల్ల అన్ని పాత్రల మాటలూ తనే పలికేవాడు. ఫలానా బెన్షీ చెబుతున్నాడంటే చాలు, హాలు నిండేది. టాకీలు వచ్చాక కూడా 1930ల నడిమిదాకా అక్కడ మూకీలు తీశారంటే అందులో వాళ్ల చలవ చాలా ఉంది. సినిమా దర్శకుడు కురోసావాకు అన్నయ్య అయిన హేయిగో కూడా బెన్షీయే. టాకీలు ఆ కొలువు ఊడగొట్టాక, 1933లో ఆత్మహత్య చేసుకున్నాడు.

హైదరాబాద్ మధురానగర్‌లో మా ఇంట్లో బెన్షీని నేనే, శ్రోత మా అమ్మ. జపాన్ మూకీ 'ఒరోచి' (1925) పెట్టి టీవీ సౌండ్ తీసేస్తాను. కింద పడే ఇంగ్లీషు చదివి తెలుగులో చెప్పేలోపు సీను మారిపోతుంది. అందుకని అక్షరాలు వదిలేసి హీరో బాండో త్సుమసబురో మొహం చూసి చెప్పాలి. కనుబొమ లేచినప్పుడే మాట అందుకోవాలి, పెదవి కదిలేదాకా ఆగితే ఆలస్యమే.

కథలో ఈ సమురాయ్ ఏం చేసినా అపార్థమే. చివరికి తాను ఒకప్పుడు ప్రేమించిన నమియేనీ, ఆమె భర్తనీ పెద్దమనిషి ముసుగు వేసుకున్న ఓ దుర్మార్గుడి నుంచి కాపాడతాడు. భటులు తాళ్లతో చుట్టుముడతారు. ఆ కత్తియుద్ధం సాగినంతసేపూ నేను నోరెత్తను. అమ్మే మాట్లాడుతుంది.

"వాడి తప్పేముందిరా పాపం! ఎవరూ చెప్పరేం?"

కాంతారావు కత్తి తిప్పడం చూస్తూ పెరిగిన మనిషి. కాంతారావు గెలుస్తాడని టికెట్ కొన్నప్పుడే తెలుసు. ఇతగాడు గెలవడని తెలిసీ కళ్లు తిప్పుకోలేకపోతుంది.

మనకూ మూకీలుండేవి. ధీరేన్ గంగూలీ 1922లో హైదరాబాద్‌లో లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టాడు. 1924లో 'రజియా బేగం' ఆడించినందుకు నిజాం ఊరు వదలమన్నాడు. రఘుపతి ప్రకాష్ తీసిన 'భీష్మ ప్రతిజ్ఞ' ప్రింటూ దక్కలేదు. జపాన్‌లోనూ మూకీలు చాలావరకు పోయాయి. మిగిలినవాటిని ఏరి కూడబెట్టినవాళ్లలో ముఖ్యుడు మత్సుదా షున్సుయి. ఆయన ఏ ఆర్కైవు అధికారో కాదు, బెన్షీ! రీలు పోతే తన నోట కథా పోతుందని ఆయనకంటే ఎవరికి తెలుస్తుంది?

మా ఇంటికి దగ్గర్లోనే సారథి స్టూడియో ప్రివ్యూ థియేటర్. ఫిల్మ్ క్లబ్ వాళ్లు విదేశీ సినిమాలు వేసే చోటు. ఒక్కరే నిలబడి రాముడూ సీతా రావణుడూ అయ్యే హరిదాసులు మనకింకా ఉన్నారు. అయ్యా, క్లబ్బు పెద్దలూ! వాళ్లలో ఒకరిని తెర పక్కన నిలబెట్టి 'ఒరోచి' వేయండి. కత్తియుద్ధం దగ్గర మాత్రం చిడతలు ఆపమని ముందే చెప్పండి.