నీడ గోళమూ, నడివీధి గుమ్మడికాయా

శాండ్‌బాక్స్ ఆటలని పేరుపడిన వీడియో గేముల గురించి రాసేవారు సాధారణంగా వాటిలోని నిర్మాణాన్ని మెచ్చుకుంటారే గానీ విధ్వంసాన్ని పట్టించుకోరు. పాదం మీద తడి ఇసుక మెత్తి పిల్లలు పిచ్చుక గూళ్లు కట్టుకున్నట్టుగా, ముందే గీసిన దారి లేకుండా ఆటగాడు తన ఇష్టానికి తవ్వుతూ, కడుతూ, కూలుస్తూ తిరిగే ఆటను శాండ్‌బాక్స్ ఆట అంటారు. గూడు కట్టిన పిల్లలే చీకటి పడేవేళకు దాన్ని కాలితో తన్ని ఇంటికి పోతారన్నది కూడా ఆ పోలికలో భాగమే అయినా, ఆ సగాన్ని ఎవరూ ఎత్తరు. అన్నీ పగిలే చోట ఏ ఒక్కటి పగిలినా లెక్క ఉండదని, లెక్కలేని పగలగొట్టుడు ఆటలకు అలవాటైపోయిన సోమరితనమని ఈ శీర్షిక ఎన్నోసార్లు వాదించింది. ఆ వాదం విని విసిగిన పాఠకులు కూడా ఉన్నారు.

ఈ వారం దాన్ని మళ్లీ తవ్వడానికి కారణం, టెర్రేరియా ఆటను కొత్తగా మొదలుపెట్టేవారికి ఆరితేరినవారు ఇచ్చే ఒక్క వాక్యపు సలహా: నీడ గోళం కనబడితే కొట్టెయ్, తుపాకీ వస్తుంది. ఆ సలహాలో అబద్ధం ఏమీ లేదు గానీ, కొట్టేసిన తరువాత వచ్చేవాటన్నింటిలోకీ తుపాకీ చిన్నది.

అమెరికాలోని ఇండియానా రాష్ట్రానికి చెందిన రీ-లాజిక్ సంస్థ, ఆండ్రూ స్పింక్స్ ఆధ్వర్యంలో తయారుచేసి 2011 మే 16న విడుదల చేసిన ఈ ఆట 4 కోట్లకు పైగా ప్రతులు అమ్ముడైంది. పక్కనుంచి కోసి చూపిన భూమిలా కనిపించే దాని ప్రపంచం చిన్నచిన్న చదరపు గళ్లతో నిండి ఉంటుంది. అన్నింటికన్నా చిన్న ప్రపంచమే 4200 గళ్ల వెడల్పు, 1200 గళ్ల లోతు, అంటే 50 లక్షల 40 వేల గళ్లు. మట్టి, రాయి, చెట్టు, ఇల్లు, దాదాపు ఏదైనా సరైన పనిముట్టు ఉంటే ఊడివస్తుంది, ఊడివచ్చినదాన్ని మరోచోట పెట్టుకోవచ్చు, ప్రపంచం కిమ్మనదు. ఇన్ని మూగ గళ్ల మధ్య పగిలితే బదులు పలికే వస్తువులు కొన్నే ఉంటాయి. భూగర్భపు అడవిలో తేనెపట్టు నడుమ ఉండే పురుగుపిల్ల అలాంటిది. కత్తి పొరపాటున తగిలినా అది చితికిపోయి రాణి ఈగ మీదికి వస్తుంది. మూడు యంత్ర రాక్షసులు ఓడిన తరువాత అదే అడవిలో పూసే ప్లాంటెరా మొగ్గ మరొకటి. అయితే ఈ రకం వస్తువులు తలుపు తట్టినట్టు ఒక్క ప్రత్యర్థిని పిలిచి ఊరుకుంటాయి. షాడో ఆర్బ్ అనే నీడ గోళం సంగతి వేరు.

కరప్షన్ అనే ఊదారంగు కుళ్లు నేలలో నిట్టనిలువుగా దిగే అగాధాల అడుగున, మామూలు గునపానికి లొంగని రాతి మధ్య, మినుకుమనే కాంతితో ఈ గోళాలు ఉంటాయి. కొన్ని ప్రపంచాల్లో కరప్షన్‌కు బదులు క్రిమ్సన్ అనే నెత్తుటి రంగు నేల ఉంటుంది. అక్కడ గోళం స్థానంలో గుండె ఆకారపు ముద్ద ఉన్నా లెక్క అదే. రాతిని బాంబులతో పేల్చి, గోళాన్ని సుత్తితో కొట్టాలి. కరప్షన్ ప్రపంచంలో మొదటి గోళం పగలగానే ఒక మస్కెట్ తుపాకీ, 100 తూటాలు రాలతాయి. వెన్నులో చలి పాకిందన్న అర్థం వచ్చే ఒక వాక్యం తెర మీద మెరుస్తుంది. రెండోది పగిలితే చుట్టూ కేకలు ప్రతిధ్వనిస్తున్నాయని ఆట చెబుతుంది. మూడోది పగిలితే చెప్పడానికి ఇంకేమీ ఉండదు, ఈటర్ ఆఫ్ వరల్డ్స్ అనే బారెడు పురుగు నేలను తొలుచుకుంటూ వచ్చేస్తుంది. ఆపైన ప్రతి మూడో గోళానికీ ఇదే వరస. రెండుసార్లు హెచ్చరించి మూడోసారి దెబ్బ కొట్టే ఈ క్రమం, వివరణ ఒక్క ముక్క కూడా ఇవ్వకుండా వణుకు మాత్రమే పుట్టించడం, ఆటల తయారీలో అరుదుగా కనిపించే పనితనం.

ఫలితం అంతటితో ఆగదు. గోళం పగిలిన రాత్రి ఆకాశం నుంచి ఉల్క పడే అవకాశం ఉంది. అది తెచ్చే లోహంతో కవచమూ ఆయుధాలూ చేసుకోవచ్చు. చేతికి వచ్చిన తుపాకీని చూసి, ఖాళీ ఇల్లుంటే ఆయుధాల వ్యాపారి వచ్చి కాపురం పెడతాడు. పురుగు చస్తే రాలే పొలుసులతో చేసిన గునపం, అంతవరకు లొంగని పాతాళపు ఖనిజాన్ని తవ్వుతుంది. ఇక గాబ్లిన్ సైన్యం ఉంది. మరుగుజ్జు దొంగల దండులాంటి ఈ సైన్యం, జెండా తయారుచేసి పిలిస్తే తప్ప, తనంతట తాను ఊరి మీద పడడానికి రెండు షరతులు ఉన్నాయి: ప్రపంచంలో కనీసం ఒక గోళమైనా పగిలి ఉండాలి, ఆటగాడి జీవశక్తి 200కు చేరి ఉండాలి. ఆట మొదట్లో ఆ శక్తి 100 మాత్రమే; భూమిలో దొరికే హృదయ స్ఫటికాలను పగలగొట్టి వాడుకుంటే ఒక్కొక్కదానికి 20 చొప్పున పెరుగుతుంది. అంటే ఐదు స్ఫటికాలు పగలగొట్టి బలం తెచ్చుకున్నవాడికే, ఒక గోళం పగలగొట్టిన సంగతి సైన్యం రూపంలో గుర్తుకు వస్తుంది. బలహీనుడి తప్పును ప్రపంచం ఖాతాలో రాసుకుని, అతడు బలపడ్డాక వసూలు చేస్తుంది. ఈ ముడి వేసినవారి తెలివిని ఎంత మెచ్చుకున్నా తక్కువే.

తెలుగులో పగలడానికి సంబంధించిన మాటలు ఈ విషయంలో ఆట కన్నా ముందే ఆలోచించినట్టు కనిపిస్తాయి. దేవుడి ముందు కొబ్బరికాయ కొడతారు, దాన్ని పగలగొట్టామని ఎవరూ అనరు. కుండ పగలగొడితే నష్టం, కొబ్బరికాయ కొడితే మొక్కు. కొట్టడానికే పెట్టిన వస్తువు ఒకటి, కొట్టకూడని వస్తువు మరొకటి అన్న తేడా క్రియలోనే ఉంది. ఈ రెంటికీ మధ్యన బూడిద గుమ్మడికాయ ఉంది. గృహప్రవేశం నాడు గుమ్మం ముందు, అమావాస్య నాడు దుకాణాల ముందు, దసరాకు ఆయుధపూజ చేసిన వాహనాల ముందు కుంకుమ నింపి దిష్టి తీసి దీన్ని నేలకేసి కొడతారు. ఈ శీర్షిక గుమ్మడికాయల మీద చేసే ఫిర్యాదు పాఠకులకు కొత్త కాదు. దిష్టి ఎవరిది పోయిందో తెలియదు గానీ, నడిరోడ్డు మీద గుజ్జూ చెక్కలూ అలాగే పడి ఉంటాయి, చీకట్లో స్కూటరు మీద వచ్చేవాడు జారి పడతాడు. కొట్టినవాడికి శాంతి దక్కుతుంది, దారినపోయేవాడికి మోకాలి చిప్ప పగులుతుంది. దసరా మరునాడు పొద్దున్నే ఏ వర్క్‌షాపుల వీధిలో నడిచినా, కాలు ఎక్కడ పెట్టాలో చూసుకుంటూ నడవాలి. పారిశుద్ధ్య కార్మికులు వచ్చేలోగా ఎండకు ఆరిన గుజ్జు మీద ఈగలు ముసురుతుంటాయి. కొట్టేవారిలో దుర్మార్గులు ఎవరూ లేరు. తమ ఇల్లు, తమ లారీ, తమ బేరం చల్లగా ఉండాలని కోరుకునేవారే. కొట్టడం వరకే ఆచారంలో ఉందని, ఎత్తడం ఎవరో చూసుకుంటారని వారి నమ్మకం. అందుకే వీధిలో గుమ్మడికాయ కొట్టడాన్నే మానెయ్యాలని ఈ శీర్షిక ఇంతకాలం కోరుతూ వచ్చింది.

నీడ గోళమూ నడివీధి గుమ్మడికాయే. టెర్రేరియా ప్రపంచాన్ని పలువురు కలిసి ఆడవచ్చు. ఒకరు అగాధంలో దిగి గోళం కొడితే, అక్కడ లేనివారి ఇళ్ల మీదికి కూడా సైన్యం వస్తుంది. తుపాకీ ఒకరి సంచిలో, గాబ్లిన్లు అందరి వాకిట్లో. అయినా గోళాన్ని తప్పుపట్టలేని కారణం ఒకటుంది: అది పగిలినట్టు అందరికీ వినపడుతుంది, వణుకు వాక్యం ఆ ప్రపంచంలో ఉన్న ప్రతివారి తెర మీదా కనిపిస్తుంది.

అసలు గుమ్మడి గుజ్జు ఆటలో మరోచోట ఉంది. గైడ్ అనే సలహాదారు పోలికతో చేసిన బొమ్మను పాతాళపు లావాలో వేస్తే ఆ గైడ్ చనిపోయి, వాల్ ఆఫ్ ఫ్లెష్ అనే మాంసపు గోడ లేస్తుంది. దాన్ని ఓడిస్తే ప్రపంచం హార్డ్‌మోడ్ అనే కఠిన దశలోకి మారుతుంది, మళ్లీ వెనక్కి రాదు. ఆ గోడ నుంచి దొరికే సమ్మెటతో, అంతకుముందు దెబ్బ వేస్తే వేసినవాడినే గాయపరిచిన డీమన్ ఆల్టర్లను, అంటే పిశాచ పీఠాలను, పగలగొట్టవచ్చు. ఇవి కేవలం శిలలు కావు, పనిబల్లలు. నాలుగు కత్తులు కలిపి నైట్స్ ఎడ్జ్ అనే పేరున్న కత్తిని చేసేది వీటి మీదే. మొదటి పీఠం పగిలితే భూమిలో కోబాల్ట్‌గానీ పల్లాడియంగానీ, రెండో దానికి మిత్రిల్‌గానీ ఓరికాల్కంగానీ, మూడో దానికి అడమంటైట్‌గానీ టైటానియంగానీ పుడతాయి. నాలుగో పీఠం నుంచి మళ్లీ మొదటి వరసే, చుట్టు చుట్టుకూ దిగుబడి తగ్గుతుంది. గోడల్లోంచి దూరివచ్చే ప్రేతాలు ప్రతిసారీ మీద పడతాయి, అది కనిపించే మూల్యం. కనిపించనిది ఏమిటంటే, పీఠం పగిలినప్పుడు భూగర్భంలో ఎక్కడో ఒక రాతి గడి కరప్షన్‌గానో, దాని ప్రత్యర్థి అయిన హాలో అనే పవిత్ర నేలగానో మారిపోవచ్చు. రెండూ చుట్టూ పాకేవే. ఆ గడి ఎక్కడుందో ఆట చెప్పదు. పైపెచ్చు, ఫలానా లోహంతో ప్రపంచానికి దీవెన దక్కిందని ప్రకటిస్తుంది.

ఇంతదూరం వచ్చిన తరువాత పీఠాల జోలికి పోవద్దని చెప్పడం ఈ శీర్షికకు సహజం, చెప్పడానికి దారి కూడా ఉంది. 2014లో ఆటలో చేరిన చేపల వేట పుణ్యమా అని, హార్డ్‌మోడ్‌లో గాలానికి చిక్కే పెట్టెల్లో ఆ లోహాలే దొరుకుతాయి. ఒక్క పీఠం కూడా పగలగొట్టకుండా, చెరువు గట్టున కూర్చుని, కవచమంతా గాలంతో సంపాదించినవారు ఉన్నారు. అలాంటివారి ప్రపంచం మచ్చలేకుండా ఉంటుందని ఊహించి, దాన్ని ఆదర్శంగా చూపాలన్న ఉద్దేశంతోనే ఈ వారం రాత మొదలైంది.

వివరాలు కూడదీసేకొద్దీ ఆ ఊహ నిలవలేదు. మాంసపు గోడ కూలిన క్షణంలోనే కరప్షన్, హాలో రెండు పెద్ద చారలుగా ప్రపంచం మీద పడి, పీఠాలతో పనిలేకుండా వాటంతట అవే పాకుతూ పోతాయి. ఆ చారల పక్కన పీఠం వల్ల చెడే గడి సముద్రంలో చెంబెడు. గాలం వేసుకుని కూర్చున్నవాడి చేతులు శుభ్రంగా ఉండవచ్చు గానీ నేల శుభ్రంగా ఉండదు. గోళాన్ని ముట్టనివాడి సంగతీ అంతే: గోళం చెక్కుచెదరకుండా ఉన్నందువల్ల కుళ్లు నేలలో ఒక్క గడీ బాగుపడదు, పైగా గాబ్లిన్ సైన్యాన్ని ఓడిస్తేనే గుహల్లో కట్లతో కనిపించే ఆ పనిముట్ల మేస్త్రి, గాబ్లిన్ టింకరర్, జెండాతో సైన్యాన్ని పిలిస్తే తప్ప ఊరికి రాడు. చెడిన నేలను పెద్దెత్తున కడిగే క్లెంటామినేటర్ అనే పిచికారీ యంత్రాన్ని అమ్మే స్టీమ్‌పంకర్ అయితే, ఒక యంత్ర రాక్షసుడైనా కూలిన తరువాతే వస్తుంది; ఆ రాక్షసుణ్ణి ఎదుర్కోవడానికి ఎక్కువమంది తొడుక్కునేది పీఠాలు పగలగొట్టి తెచ్చుకున్న లోహాన్నే. కడిగే సాధనానికి దారి పగిలిన రాళ్ల మీదుగానే పోతోంది.

కాబట్టి పగలగొట్టేవాడి మీద ఈ శీర్షిక పెట్టిన పాత కేసు కొట్టివేయవలసిందే. ఫిర్యాదు మిగిలేది దీవెన అన్న ఆ ఒక్క మాట మీద. గోళానికి వణుకు పుట్టించగలిగినవారు పీఠానికి తీపి మాట ఎందుకు పెట్టారో అర్థం కాదు. గుమ్మడికాయల విషయంలోనూ ఇకనుంచి కోరిక మారుతుంది: కొట్టుకోవచ్చు, కొట్టిన చేత్తోనే చీపురు పట్టాలి. కొత్తవారికి సలహా ఇచ్చే అనుభవజ్ఞులు కూడా తుపాకీతో పాటు సైన్యం సంగతి, ఒక పీఠాన్నైనా పనిబల్లగా మిగుల్చుకోవలసిన సంగతి చెబితే వాక్యం మరీ పొడవేమీ కాదు. ప్రపంచంలో ఎంత శాతం చెడిందో లెక్కకట్టి చెప్పే డ్రయాడ్ అనే వనదేవత ఆటలోనే ఉంది, ఊళ్లోనే కాపురం ఉంటుంది. పలకరించి నేల స్థితి అడిగితేనే చెబుతుంది.