ఖైరున్నిసా పేరులో గీతలెక్కడివి?

ఉర్దూలో ఈ పేరుకి గీత లేదు. అరబీలో లేదు. తెలుగులో అవసరమే లేదు. అయినా పుస్తకాల అట్టల మీద, పెళ్లి కార్డుల మీద, ఆఫీసు కాగితాల మీద ‘ఖైర్-ఉన్-నిసా’ అని మూడు ముక్కలుగా, మధ్యలో రెండు గీతలతో కనిపిస్తుంది. చదివేవాళ్లు కూడా మూడు మెట్లు ఎక్కినట్టు ఆగి ఆగి చదువుతారు. ఇంట్లో అమ్మీ మాత్రం ఒక్క ఊపిరిలో పిలుస్తుంది. ఇదంతా అక్షరాల గొడవేలే అని కొట్టిపారేసేవాళ్లుంటారు. పేరు రాసే తీరులో మనిషిని చూసే తీరు ఉంటుందని నా వాదన. ఉర్దూలో పుట్టి తెలుగులో జీతం తీసుకుంటున్నవాణ్ణి కనుక రెండు భాషల తరఫునా సాక్ష్యం చెప్పగలను.

ఈ పేరులో ఉన్నవి రెండే మాటలు. ఖైర్ అంటే మంచి, మేలు. ‘ఖైరియత్’ అని క్షేమం అడిగినా, ‘ఖైరాత్’ అని దానం చేసినా ఆ మాటే. నిసా అంటే స్త్రీలు. గమనించండి, స్త్రీ కాదు, స్త్రీలు. అరబీలో ఈ మాటకి దాని ధాతువులోంచి వచ్చిన ఏకవచనం లేదు. ఒక్క స్త్రీని చెప్పాలంటే వేరే మాట వెతుక్కోవాలి. ఖురాన్‌లో నాలుగో సూరా పేరు ఇదే. 176 ఆయతుల సూరా అది. పెళ్లి, ఆస్తిలో ఆడవాళ్ల వాటా, అనాథల హక్కులు అందులో ఉన్నాయి. రెండు మాటలూ కలిస్తే ‘స్త్రీలలోకెల్లా ఉత్తమురాలు’ అని అర్థం. ఒక్క పిల్లను పొగడడానికి మిగతా ఆడవాళ్లందర్నీ ఆమె పేరులోనే నిలబెట్టడం నాకు అంత నచ్చదు. కానీ ఇంత గుంపును పేరులో మోసే పేర్లు ఎన్నుంటాయి?

మరి ‘ఉన్’ ఏమిటి? దానికి అర్థం వెతక్కండి, లేదు. ఖైర్ చివర ఉన్న ‘ఉ’ విభక్తి స్వరం. దాని వెనక ‘అల్’ అనే ఉపపదం. అందులో ‘అ’ లోపిస్తుంది. మిగిలిన ‘ల’ పక్కనున్న ‘న’ను తాకగానే తనూ ‘న’ అయిపోతుంది. అరబీ వ్యాకరణం తన 28 అక్షరాల్లో 14 సూర్యాక్షరాలనీ, 14 చంద్రాక్షరాలనీ పంచింది. ‘ల’ను తనలో కలిపేసుకునేవి సూర్యాక్షరాలు. ‘న’ వాటిలో ఒకటి. ఇది పరాయి సంగతిలా అనిపిస్తే హైస్కూలు తెలుగు పంతులుగారిని గుర్తు తెచ్చుకోండి. జగత్ + నాథుడు ఏమవుతుంది? జగన్నాథుడు. పొల్లు ‘త్’ పక్కనున్న ‘న’ను చూసి ‘న్’ అయింది. అల్ + నిసా అన్నిసా కావడమూ అంతే. జగన్నాథుణ్ణి ‘జగన్-నాథుడు’ అని గీతపెట్టి రాసిన తెలుగువాణ్ణి నేనింతవరకూ చూడలేదు. ఖైరున్నిసాకే ఆ గీత ఎందుకు?

ఉర్దూలో రాసేటప్పుడు ‘ల’ కాగితం మీద ఉంటుంది, నోట్లో ఉండదు. కన్ను ఖైర్-అల్-నిసా చూస్తుంది, నాలుక ఖైరున్నిసా అంటుంది. లిపిలో వంశం, పలుకులో బతుకు. తెలుగు లిపి విన్నది విన్నట్టు రాసే లిపి. ఆ లెక్కన ఈ పేరును దాని నోటితీరులో సరిగ్గా పట్టుకోగలిగేది తెలుగే. గీతలు మాత్రం ఇంగ్లీషువాడి రాతలోంచి వచ్చాయి. అరబీ ఉపపదం ఎక్కడ మొదలై ఎక్కడ అతికిందో తన పాఠకుడికి చూపించాలి కనుక ఇంగ్లీషు పండితుడు గీతలు పెట్టుకున్నాడు. అది అతని అవసరం. మనం ఇంగ్లీషులోంచి తెలుగులోకి దించుకుంటూ అతికిన చోటును కూడా దించుకున్నాం.

దించుకోవడంతో ఆగలేదు, దీర్ఘాలు కూడా తారుమారు చేశాం. తెలుగు పేపర్లలో ఎక్కువగా కనబడేది ‘ఖైరున్నీసా’. కాలమ్ చివర పేరు విరిగితే పై వరసలో ‘ఖైర్’, కింది వరసలో ‘ఉన్నీసా’. ఉన్ని అంటే తెలుగువాడికి గొర్రె బొచ్చే కదా! ‘ని’కి గుడి చాలు, గుడిదీర్ఘం అక్కర్లేదు. (ఖైరున్నిసా పేరులో గుడి ఉందని మా మౌల్వీలెవరూ ఇంతవరకూ అభ్యంతరం చెప్పలేదు.) ఆ దీర్ఘాన్ని తీసుకెళ్లి ‘సా’కి ఇస్తే పేరు పేరులా ఉంటుంది.

స్వచ్ఛత కోసం చెబుతున్నానని అనుకోకండి. ఈ కుటుంబంలోని పేర్లు పుట్టుకతోనే సంకరం. నూర్, షరఫ్, ఫఖ్ర్ అరబీ మాటలు. జేబున్నిసాలో జేబ్ ఫార్సీ, అలంకారమని అర్థం. నూర్జహాన్ అసలు పేరు మెహరున్నిసా. అందులో మెహర్ ఫార్సీ, సూర్యుడు. ఫార్సీ మాటకి అరబీ ఉపపదం తగిలించడం మన వ్యాకరణం లెక్కలో వైరి సమాసం. పండితులు పెదవి విరుస్తారు. మొగల్ అంతఃపురాలు విరవలేదు, హాయిగా పెట్టుకున్నాయి. మన నేల మీద కసుమూరు మస్తాన్‌వలి దర్గాకి మొక్కుకుని పుట్టిన పిల్లకి మస్తానమ్మ అని పేరు పెట్టే తల్లులూ అంతే. మస్తాన్ ఫార్సీ, అమ్మ తెలుగు. మస్తానమ్మలు, హుస్సేనమ్మలు దూదేకుల ఇళ్లల్లోనే కాదు, నెల్లూరు, గుంటూరు పక్క హిందువుల ఇళ్లల్లోనూ ఉన్నారు. ఆ పేర్లలో అతుకు ఎక్కడుందో ఎవరూ గీతగీసి చూపించరు.

ఇక్కడ మనవాళ్లనీ ఒక మాట అనాలి. ‘నిసా’ అందరి ఇళ్లల్లోకీ వచ్చిన పేరు కాదు. మా దాదీ తరంలో మా ఊళ్లో అందరూ ‘బీ’లే: చాంద్‌బీ, ఇమాంబీ, మదార్‌బీ, ఫకీర్‌బీ. నిసా ఉండాలంటే దేవిడీ ఉండాలి, దేవిడీకి పరదా ఉండాలి, పరదా వెనక చదువు చెప్పే ఉస్తాద్ ఉండాలి. పొలంలో నాట్లేసే ఆడదానికి నాలుగక్షరాల అరబీ సమాసం ఎవరు పెడతారు? కూతుళ్లు బడికెళ్లాకే మా ఇళ్లల్లోకి నిసాలు వచ్చాయి. అరబీ పేరైతే అసలు ముస్లిం, అమ్మ చేరితే సగం ముస్లిం అని మనలోనే కొలతలున్నాయి. 2007 చట్టం ముస్లింలలో 14 తెగలకు నాలుగు శాతం రిజర్వేషన్ ఇస్తూ సయ్యద్‌లను, మొగల్‌లను, పఠాన్‌లను పక్కన పెట్టింది. పేరులో కులం ఉందని ప్రభుత్వం కూడా ఒప్పుకున్నట్టే. మనమే ఇంకా ఒప్పుకోం.

చరిత్రలోకి వెళ్దాం. హైదరాబాద్‌లో ఈ పేరు గల ఒకామె రోజూ అందరి నోళ్లలో నానుతుంది. ఎవరికీ తెలియదు. ఖైరతాబాద్‌కి ఆ పేరు కుతుబ్‌షాహీ రాజకుమారి ఖైరున్నిసా బేగం నుంచి వచ్చిందని చెబుతారు. తన గురువు అఖుంద్ ముల్లా అబ్దుల్ మాలిక్ కోసం ఆమె కట్టించిన మసీదు, 1626 నాటిది, ఇప్పటికీ అక్కడే ఉంది. తన దగ్గర చదువుకున్న ఒక ఆడపిల్ల గురువుకి తీర్చుకున్న రుణం అది. 1954 నుంచి ఖైరతాబాద్ అంటే వినాయకుడు. భాద్రపదం వచ్చిందంటే లక్షల మంది ‘ఖైరతాబాద్ గణేశ్’ అంటారు. ఖైరున్నిసా పేరు అంతమంది భక్తుల నోటి మీద ఉన్నందుకు నాకు ఆనందమే. గీత లేకుండా కలిసిపోయిందక్కడ.

రెండో ఖైరున్నిసా కోఠీలో ఉంది. ప్రపంచానికి తెలిసింది ఈమె. బ్రిటిష్ రెసిడెంటు జేమ్స్ అకిలీస్ కిర్క్‌పాట్రిక్ భార్య, మీర్ ఆలం బంధువు. విలియం డాల్రింపుల్ 2002లో ‘వైట్ మొగల్స్’ రాశాక ఆమెను వెతుక్కుంటూ కోఠీకి విదేశీయులు కూడా వస్తున్నారు. ఆ పుస్తకం మీద నాకు గౌరవముంది. లండన్‌లోని దస్తావేజులే కాక షూస్త్రీ ఫార్సీ గ్రంథాన్ని కూడా అతను వాడుకున్నాడు. కానీ పేరు చూడండి. తెల్ల మొగలులు! ఎవరు మొగలయ్యారో ఆ మగాడి పేరు మీద పుస్తకం నడుస్తుంది. అతని ఉత్తరాలున్నాయి, అతని అన్నకి రాసినవి కట్టలు కట్టలు. ఆమె మనసు మనకు తెలిసేది చాలావరకు అతని కలం గుండా, తర్వాత హెన్రీ రసెల్ కలం గుండా. ప్రేమకథ అంటూ మురిసిపోయేవాళ్లు ఆమె అప్పటికి పద్నాలుగు, పదిహేనేళ్ల పిల్ల అన్న సంగతి దగ్గర ఆగరు. ప్రేమ లేదని నేననను. ఉన్న ప్రేమను కూడా ఒక వైపు కాగితాలతోనే కొలుస్తున్నాం అంటాను.

పేర్ల సంగతే చూడండి. కిర్క్‌పాట్రిక్‌కి హష్మత్ జంగ్ అని నిజాం బిరుదు. తెల్లవాడికి పేరు మీద పేరు చేరింది. పిల్లలు సాహిబ్ ఆలం, సాహిబ్ బేగం. 1805లో వాళ్లను ఓడెక్కించి ఇంగ్లండు పంపేశారు. ఎక్కే ముందు మద్రాసులో జార్జ్ చినరీ గీసిన బొమ్మలో ఇద్దరూ హైదరాబాదీ బట్టల్లో ఉంటారు. ఇంగ్లండులో బాప్తిస్మం అయ్యాక విలియం జార్జ్, కేథరిన్ అరోరా. పాత పేర్లకి గీత పెట్టి కొత్త పేరు తగిలించడం కూడా లేదు, తుడిచేయడమే. తల్లి వాళ్లను మళ్లీ చూడలేదు. కిర్క్‌పాట్రిక్ అదే ఏడాది అక్టోబరులో కలకత్తాలో చనిపోయాడు. తర్వాత దగ్గరైన రసెల్ మద్రాసులో వేరే పెళ్లి చేసుకున్నాడు. హైదరాబాద్‌లోకి రానివ్వని కాలమంతా ఆమె మచిలీపట్నంలో, మన తెలుగు సముద్రం ఒడ్డున గడిపింది. 1813లో, ఇరవై ఏడేళ్ల వయసులో, హైదరాబాద్‌లో పోయింది. అప్పటికి రెసిడెంటు ఆ రసెలే.

ఆమె ఉన్న రంగమహల్‌ను తర్వాతి కాలపు రెసిడెంటొకడు పడగొట్టించాడు. పరదాలోంచి పెద్ద భవనాన్ని చూడలేని భార్య కోసం కిర్క్‌పాట్రిక్ కట్టించాడని చెప్పే చిన్న నమూనా భవనం మాత్రం మిగిలింది. 1949 నుంచి ఆ ఆవరణలో ఆడపిల్లల కాలేజీ నడిచింది. 2022లో అది మహిళా విశ్వవిద్యాలయమైంది, 2024లో చాకలి ఐలమ్మ పేరు పెట్టారు. బేగం ఇంటికి విసునూరు దేశ్‌ముఖ్‌ను ఎదిరించిన చాకలామె పేరు రావడం నాకు ఇష్టమే. ఐలమ్మ పేరుకి ముందు కులం ఉంది, గీత లేకుండానే అతుక్కుని ఉంది. మొగుణ్ణి బట్టి తెలిసినామె, కులాన్ని బట్టి పిలవబడినామె. ఇద్దరి పేర్లనూ ఒక ఆవరణలో చదివే తెలుగు విమర్శ ఇంకా రావాలి.

కోఠీ నుంచి నల్లకుంట ఎంతో దూరం కాదు. దారిలో కాచిగూడ, బర్కత్‌పురా. పక్కనే బాగ్‌లింగంపల్లి. బాగ్ ఫార్సీ తోట, లింగం సంస్కృతం, పల్లి మనది. ఆ పేరును ఎవరూ ఏ సగం మీదని అడగరు. అడిగేది మనుషుల్నే. మా బంధువులమ్మాయి, ఈ పేరే ఆమెది, నల్లకుంటలో టు-లెట్ బోర్డు చూసి ఫోన్ చేసింది. అవతలి గొంతు ముందు ఎంతో మర్యాదగా ఉంది.

“రండమ్మా, చూసుకోండి. పేరేంటన్నారు?”

“ఖైరున్నిసా అండీ.”

“అయ్యో, పొద్దున్నే ఇచ్చేశామమ్మా.”

బోర్డు ఇంకో నెల వేలాడింది. ఆ పిల్ల పోటీ పరీక్షల కోసం అశోక్‌నగర్ కోచింగ్‌లకు తిరిగేది, చిక్కడపల్లి లైబ్రరీలో చోటు కోసం పొద్దున్నే లైన్లో నిలబడేది. అక్కడ ఎవరూ పేరు అడగలేదు. నెట్ సెంటర్లో దరఖాస్తు నింపేటప్పుడు అడిగారు. మొదటి పేరు, మధ్య పేరు, చివరి పేరు, మూడు గడులు. కుర్రాడు చకచకా కొట్టాడు: ఖైర్, ఉన్, నిసా. ఏ అర్థమూ లేని విభక్తి ముక్క ఒక మనిషికి మధ్య పేరైంది! పదో తరగతి మెమోలో కలిపి ఉంది, ఆధార్‌లో విడివిడిగా ఉంది. పాస్‌పోర్టులో యంత్రం చదివే వరసలో గీతకి చోటే లేదు, దాని బదులు ఒక కోణం గుర్తు పడుతుంది. గీత పెట్టడం నేర్పిన ఇంగ్లీషు రాతే తన యంత్రంలోకి వచ్చేసరికి గీతను ఒప్పుకోదు. ఒకామె నాలుగు కాగితాల్లో నలుగురు.

ఇందులో నవ్వడానికేం లేదు. అస్సాంలో 2019 ఆగస్టు 31న వచ్చిన పౌర జాబితాలో 19 లక్షల పైచిలుకు మంది పేర్లు లేవు. తండ్రి పేరు, కూతురి పేరు ఒక కాగితానికీ ఇంకో కాగితానికీ కలవక ట్రిబ్యునళ్ల చుట్టూ తిరిగినవాళ్ల కథలు చదివాం. అందులో హిందువులూ ఉన్నారు, ముస్లింలూ ఉన్నారు. ‘ని’కి దీర్ఘం ఉందా లేదా అన్నది అప్పుడు వ్యాకరణం కాదు.

తెలుగు పత్రికలవాళ్లకి, మావాళ్లే కనుక, చనువుగా చెబుతున్నాను. ఖైరున్నిసా అని కలిపి రాయండి. కాలమ్‌లో విరిగితే మొత్తం పేరును కింది వరసకి దించండి. కథలు రాసే మిత్రులకీ ఒక మాట. మీ కథల్లో సాయిబుకి పేరుంటుంది, అతని భార్య మాత్రం ‘బీబీ’గానే వచ్చి టీ ఇచ్చి వెళ్లిపోతుంది. ఆమెకి పేరు పెట్టండి, పెట్టే ముందు ఆమె ఏ ఊరిదో, ఏ ఇంటిదో కనుక్కోండి. దూదేకుల ఇంట్లో మస్తానమ్మను తీసేసి నూరున్నిసాను కూర్చోబెట్టకండి. ఇక మొహమ్మద్‌ని ‘ఎండీ’ అనీ, షేక్‌ని ‘ఎస్‌కే’ అనీ రెండు ఇంగ్లీషు అక్షరాలకి కుదించే అలవాటు సంగతి ఇంకో వ్యాసం పట్టే సంగతి.