పారేసే ముక్కలోని విద్య

పేకాట పెద్దల వెనక కూర్చుని చూసి నేర్చుకునేదే గాని పుస్తకం చదివి నేర్చుకునేది కాదన్న భావన తెలుగునాట బలంగా ఉంది. కొత్తగూడెం బొగ్గుగని కాలనీ అయినా, భద్రాచలం పక్కన అడవి అంచు పల్లె అయినా రమ్మీ నియమాలు నోటిమాటగానే సాగుతాయి, చిన్నాచితకా తేడాలేమైనా ఉంటే ముక్కలు పంచే ముందు కూర్చున్నవారి ఒప్పందంతో తేలిపోతాయి. ఐరోపాలో మాత్రం ఈ విద్యకు గ్రంథకర్తలు పుట్టారు. లండన్‌లో విస్ట్ ఆట నేర్పుతూ వచ్చిన ఎడ్మండ్ హోయిల్ 1742లో దానిపై చిన్న గ్రంథం అచ్చు వేయగా, 1939లో పుట్టి భాషల ఉపాధ్యాయుడిగా పనిచేసిన డేవిడ్ పార్లెట్ అనేక పుస్తకాలు రాసి, పేకాటలను వాటి లోపలి పనితీరును బట్టి వర్గాలుగా వివరించారు. ఆ దృష్టితో చూస్తే రమ్మీ, అంటే మన పదమూడు ముక్కలాట, ఒక ముక్క తీసి, ఒక ముక్క పారేసి, జట్లు కూర్చుకునే కుటుంబానికి చెందుతుంది.

ఈ ఆటకు సాధారణంగా రెండు పేకలు కలుపుతారు గనుక ప్రతి ముక్కా రెండేసి ఉంటుంది. ఒకే జాతిలో వరుసగా వచ్చే మూడు లేక అంతకు మించిన ముక్కలను సీక్వెన్స్ అనీ, వేర్వేరు జాతుల్లో ఒకే అంకె గల ముక్కలను సెట్ అనీ అంటారు. ఏ ముక్కకైనా బదులుగా వాడుకోగల జోకర్ సాయం లేని సీక్వెన్స్ ఒక్కటైనా లేనిదే షో, అంటే ముక్కలు చూపి ఆట ముగించడం, చెల్లదు. ఇస్పేటు ఆరు, ఏడు చేతిలో ఉంటే ఐదు వచ్చినా ఎనిమిది వచ్చినా వరుస పూర్తవుతుంది, అంటే పనికొచ్చే ముక్కలు నాలుగు. ఆరు, ఎనిమిది ఉంటే మధ్యలోని ఏడే దిక్కు, అవి రెండే. కొత్తవారు రెంటినీ ఒకే ఆశతో పట్టుకుని కూర్చుంటే, ఆరితేరినవారు రెండోదాన్ని ముందుగా విడదీస్తారు.

అయినా అసలు విద్య పారేసే ముక్కలోనే ఉంది. ఎదుటివాడు ఆఠీను తొమ్మిది ఎత్తుకున్నాడంటే దాని ఇరుగుపొరుగైన ఎనిమిది, పదినీ, మిగతా తొమ్మిదులనూ వీలైనంత వరకు అతనికి అందకుండా బిగబట్టాలి. ఇస్పేటు పది కావలసినవాడు తన కళావరు పదిని ముందుగా వేసి, పదులు తనకు అక్కర్లేదన్న భ్రమ కల్పించి, ఎదుటివాడు నిశ్చింతగా ఆ ఇస్పేటు పదిని దించేలా ఎర వేస్తాడు. ఏ ముక్కలు పడిపోయాయో గుర్తుంచుకోనివాడికి ఈ ఎత్తులేవీ అందవు. చెత్త చేతిని చూడగానే డ్రాప్ చెప్పడమూ నేర్పే: వాడుకలోని లెక్క ప్రకారం మొదటే తప్పుకుంటే 20 పాయింట్లు, చివరిదాకా ఆడి పూర్తిగా ఓడితే 80. ఇంత తేలిక లెక్క తెలిసీ రోషానికి పోయి ఆడేవారే ఎక్కువ.

విశేషమేమంటే ఈ మర్మానికి మన దేశంలో అధికారిక రాతరూపం ఇచ్చినది ఆటల రచయిత కాదు, న్యాయస్థానం. 1963లో సికింద్రాబాదులోని ఒక క్లబ్బుపై పోలీసులు చేసిన దాడి తాలూకు కేసు సుప్రీంకోర్టు దాకా వెళ్లగా, 1967 నవంబరులో జస్టిస్ హిదయతుల్లా రాసిన తీర్పు, పడిన ముక్కలను గుర్తుంచుకోవడంలోనూ, ఏది ఉంచాలో ఏది పారేయాలో ఎంచుకోవడంలోనూ గణనీయమైన నేర్పు అవసరం గనుక రమ్మీ ప్రధానంగా నైపుణ్యపు ఆటేననీ, మూడు ముక్కలాట వంటి అదృష్టపు ఆటలతో దాన్ని కలపరాదనీ తేల్చింది. అయితే జూదం జరిగినా, ఆట మీద క్లబ్బు లాభం గుంజినా నేరం కావచ్చని అదే తీర్పు చెప్పిన మాటను దాన్ని ఉదహరించేవారు తరచూ దాటవేస్తారు.

భద్రాచలం పరిసరాల్లో ఈ చర్చకు మరో చిక్కు తోడైంది. 2014 రాష్ట్ర విభజనలో పట్టణం తెలంగాణలో ఉండగా, చుట్టుపక్కల పల్లెలు చాలావరకు ఆంధ్రప్రదేశ్‌లో కలిశాయి. 2017లో తెలంగాణ, నైపుణ్యపు ఆటలకు జూదం చట్టంలో ఉన్న మినహాయింపును తీసివేయగా, ఆంధ్రప్రదేశ్ 2020లో గాని ఆన్‌లైన్ పందెపు ఆటలను నిషేధించలేదు. ఆ మధ్యకాలంలో నడిచి వెళ్లగలిగినంత దూరంలోనే ఒకే రమ్మీకి రెండు చట్టాలు వర్తించాయి. 2025లో కేంద్రం డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలన్నిటినీ నిషేధిస్తూ చట్టం తెచ్చింది. పాయింట్లు కాగితం మీదే మిగిలిపోయే రమ్మీ మాత్రం వీటి పరిధిలోకి రాదు.